చీపురు ఎవరిది

అకార్డియన్ పెట్టె వాయించేవాడికి దక్కనిది ఒకటే, డాన్స్. ఫ్రాన్స్‌లో మార్న్ నది ఒడ్డున జినెట్ మేడమ్ డాన్స్ హాలులో తిబో తొమ్మిదేళ్లుగా ప్రతి ఆదివారం మధ్యాహ్నం వాయిస్తున్నాడు. ఊరంతా అతని పాటకి గిరగిరా తిరుగుతుంది. పోస్టాఫీసులో పనిచేసే ఒడీల్ రెండేళ్లుగా అందరితోనూ ఆడింది, అతనితో తప్ప.

ఆ రోజు ఆఖరి ఆదివారం. రేపటి నుంచి వసంతం దాకా హాలుకి తాళం.

బేకరీ ఫిర్మాన్ వేదిక దగ్గరికొచ్చి మీసం దువ్వుకున్నాడు.

"జంటగా తిరగడానికి మంచి వాల్ట్జ్ పాట వాయించవోయ్. ఇవాళ ఒడీల్‌ని అడిగేస్తున్నా, పెళ్లికి."

తిబో వేలు తప్పు మీట మీద పడింది.

"ముందు చీపురు డాన్స్," అన్నాడు.

అది అక్కడి పిల్లలకీ తెలుసు. పాట ఆగగానే అందరూ జంట మార్చుకోవాలి. జంట దొరకనివాడు చీపురుతో తిరగాలి. పాట ఎప్పుడు ఆపాలన్నది మాత్రం వాయించేవాడి ఇష్టం.

ఫిర్మాన్ ఒడీల్ చెయ్యి పట్టుకున్నాడు. పాట ఆగింది. ఎలాగో మళ్లీ పట్టుకుని, "ఒడీల్, నేను మిమ్మల్ని..." అన్నాడు. పాట ఆగింది.

"తిబో, నీ పెట్టెకి ఎక్కిళ్లు పట్టుకున్నాయా?" అంది జినెట్ మేడమ్.

"మా పెళ్లయి నలభై ఏళ్లు. ఇన్నిసార్లు ఎప్పుడూ విడిపోలేదు," అని ఒక ముసలాయన గొణిగాడు.

పదకొండోసారి పాట ఆగినప్పుడు ఫిర్మాన్‌కి చీపురు మిగిలింది. ఒడీల్ దాన్ని అతని చేతిలోంచి లాక్కుని, వేదికెక్కి తిబో ఒళ్లో పెట్టింది.

"జంట లేనివాడిది కదా. ఇది మీదే."

"నేను దిగితే వాయించేదెవరండీ?"

"నేను," అన్నాడు ఫిర్మాన్. "మా తాత ఒక వాల్ట్జ్ నేర్పాడు." అకార్డియన్ తగిలించుకుని, పిండి పిసికినట్టు మొదలుపెట్టాడు.

తిబో దిగాడు. మొదటి అడుగు ఒడీల్ బూటు మీద వేశాడు. రెండోదీ అక్కడే.

"మీకు డాన్స్ రాదా?"

"ఎప్పుడు నేర్చుకోనండీ, అందరూ ఆడుతుంటే వాయిస్తూ కూర్చున్నాను."

"మరి రెండేళ్లుగా అలా చూస్తుంటే, నా అడుగులు చూసి నేర్చుకుంటున్నారనుకున్నాను."

"అడుగులు చూడలేదు," అన్నాడు తిబో.

ఒడీల్ చెవులు ఎర్రబడ్డాయి. సరిగ్గా అప్పుడే పాట ఆగింది.

"జంట మార్చుకోవాలి," అన్నాడు ఫిర్మాన్ వేదిక మీంచి, చాలా తృప్తిగా.

అందరూ మారారు. ముసలాయన ఆశగా ఒడీల్ వైపు చెయ్యి చాచాడు. ఆమె తిబో చెయ్యి వదల్లేదు.

"పాట ఆగిందండీ," అన్నాడు తిబో.

"ఆగనివ్వండి."

ఫిర్మాన్ ఇంకో మూడుసార్లు ఆపి చూశాడు. ఆ తర్వాత నిట్టూర్చి, చీపురుని పక్క కుర్చీలో కూర్చోబెట్టుకుని, తాత నేర్పిన వాల్ట్జ్‌ని చివరిదాకా వాయించాడు.