పెదాలు మాత్రమే కదపండి

టీవీ వాళ్ళకు క్రిస్మస్ జులైలో వస్తుంది. క్రిస్మస్ సినిమా షూటింగ్‌కని కెనడాలో, ఒంటారియోలోని హార్లో మిల్స్ అనే ఊరి బజారు నిండా నురగ మంచు, గుమ్మాలకు పచ్చటి దండలు, నెత్తిన మాడు పగిలే ఎండ. హీరోయిన్‌కు గొడుగూ ఫ్యానూ. వెనక నడిచే ఊరి జనానికి మాత్రం ఉన్ని కోట్లు.

ఆ జనంలో ఒకతె, స్కూలు బస్సు డ్రైవరు లోర్నా, మొదటి రోజే నురగ చిమ్మే మంచు మిషను దగ్గరికి విసవిసా నడిచింది.

"మీ మంచు నా నోట్లో కొట్టింది."

మిషను నడిపే ఆంగస్ ఆమె మొహంలోకి కన్నార్పకుండా చూశాడు. "నోరు మూసుకోవాల్సింది," అని గొణిగాడు. అతనిదెప్పుడూ గొణుగుడే.

"మాట్లాడుతున్నట్టు పెదాలు కదపమన్నది మీ డైరెక్టరేగా. మూసుకుని ఎలా కదపను? అయినా అలా మింగేసేలా చూస్తారేం?"

"అలవాటు."

"మంచి అలవాటే."

మూడో రోజు పోస్టాఫీసు ముసలాయన ఎండకు కళ్ళు తిరిగి పడిపోయాడు. "పక్కన కూర్చోబెట్టండి, షాట్ పోతుంది," అన్నాడు డైరెక్టర్. లోర్నా కోటు విప్పి నేలకేసి కొట్టింది.

"నీళ్ళూ నీడా ఇచ్చేదాకా ఒక్కరం కూడా కదలం."

డైరెక్టర్ నవ్వాడు. సరిగ్గా అప్పుడే మంచు ఆగిపోయింది. మంచు లేని క్రిస్మస్ ఎవడిక్కావాలి? పది నిమిషాల్లో గొడుగులొచ్చాయి, మంచినీళ్ళొచ్చాయి. మిషను ఆపిన ఆంగస్ మాత్రం ఎవరివైపూ చూడకుండా గొట్టం తుడుచుకుంటూ కూర్చున్నాడు.

ఆ తుడుచుకోవడమే లోర్నా కొంప ముంచింది.

ఆఖరి రోజు రానే వచ్చింది. సాయంత్రం మిషను లారీ ఎక్కుతుంది, దాంతో ఆంగస్ కూడా. లోర్నా, ఆమె అమ్మమ్మ ఈడిత్ హీరో హీరోయిన్ల వెనక బల్ల మీద కూర్చున్నారు.

"పెదాలు మాత్రమే కదపండి. చప్పుడు రాకూడదు," అన్నాడు డైరెక్టర్.

ఎవరికీ వినపడదు గదా. లోర్నా తెగించి, గొంతు లేకుండా కడుపులోదంతా కక్కేసింది. 'ఇవాళ ఇతను వెళ్ళిపోతాడమ్మమ్మా. ఉండమని అడగాలనుంది, నోరు రావడంలేదు. డైరెక్టర్ మీద లేచిన నోరే ఇది.'

ఒక్క ముక్క అర్థం కాకపోయినా అమ్మమ్మ తలూపింది.

మంచు ఆగిపోయింది.

"ఎవడాపాడు?" అని అరిచాడు డైరెక్టర్.

ఆంగస్ కెమెరాకు అడ్డంగా నడుచుకుంటూ వచ్చి లోర్నా ముందు నిలబడ్డాడు.

"పన్నెండేళ్ళు ఈ మిషన్ల పక్కనే ఉన్నాను. చెవులు సగం పోయాయి. మనుషుల పెదాలు చూసే నెట్టుకొస్తున్నాను."

లోర్నా మొహం ఎర్రబడింది. "అయితే... మొదటి రోజు నుంచీ?"

"మొదటి రోజు మీ అమ్మమ్మతో నన్ను నురగమొహం గాడిద అన్నారు. అది కూడా."

"అన్నది నిజమే," అంది అమ్మమ్మ.

ఆంగస్ ఇంకేదో గొణిగాడు.

"వినపడలేదు," అంది లోర్నా. "నోరు తెరిచి చెప్పు."

"తెరిస్తే ఎంత గట్టిగా వస్తుందో నాకు తెలీదు."

"రానీ."

"ఉండమంటే ఉంటాను!"

దండలు వేలాడే బజారంతా వింది. చర్చి మెట్ల మీది పావురాలు ఎగిరిపోయాయి. డైరెక్టర్ నెత్తి పట్టుకున్నాడు.

లోర్నా కోటు విప్పి బల్ల మీద పడేసింది. ఆంగస్‌కు ఎదురుగా నిలబడి, చప్పుడు రాకుండా, పెదాలు మాత్రం కదిపింది.

అతను నవ్వుతూ వెళ్ళి, లారీలోంచి తన సంచీ దించుకున్నాడు.

"ఏమన్నావే?" అని అడిగింది అమ్మమ్మ.

"వినాల్సినవాడు విన్నాడులే."