సంత వెనక రైలు

రెండు చొక్కాలు, పెట్టుడు మీసం, సగం రొట్టె సర్ది క్లెమాంస్ సంచి బిగించింది.

"తుపాకీ నువ్వే పెట్టుకో అన్నయ్యా. నేను ముట్టను."

"అది కెమెరాలోనే ఉంది. హ్యాండిల్ తిప్పితే పేలుతుంది."

"మా ఆయన కూడా ఇలాగే నవ్వుతూ వెళ్ళాడు. వెళ్ళేవాళ్ళకేం!"

ఆమె భర్త జూలియన్ దళం మంగళవారమే లియాన్ నుంచి రైలెక్కింది. కెప్టెన్ రివ్వార్ సంచి అందుకున్నాడు. 1917 ఏప్రిల్.

పొద్దున మేజర్ చెప్పింది క్లుప్తంగానే.

"వారపు వార్తాచిత్రంలో మాకోన్ సంత ఉంది. ఆడవాళ్ళు ఉల్లికాడలు బేరమాడుతుంటారు. కానీ ఫోకస్ వాళ్ళమీద లేదు, వెనకపోయే రైలుమీద ఉంది. మన కుర్రాళ్ళు సరదాపడి, దిగబోయే ఊరిపేరు పెట్టెలమీద సుద్దతో రాసుకున్నారు."

"సెన్సారు?"

"ఉల్లికాడలు చూసి ముద్ర కొట్టాడు, గాడిద! నెగటివ్ కాల్చేశాం. ఉన్న ఒక్క ప్రింటుతో ఒదీల్ జెనీవా వెళ్తోంది."

ఎడిటింగ్ గదిలో పనిచేసే ఒదీల్ అందగత్తె. రెండేళ్ళుగా ఫ్రెంచి సైన్యానికి రహస్యాలు మోసింది. శత్రువుకూ మోస్తోందని ఇప్పుడు తెలిసింది.

"ఆదివారం దాకా నాలుగువేల మంది ఆ ఊళ్ళోనే ఉంటారు. రీలు సరిహద్దు దాటితే శత్రువు ఫిరంగులు అటు తిరుగుతాయి."

బెల్‌గార్డ్ స్టేషన్. టికెట్ కలెక్టర్ రివ్వార్ దగ్గరగా వచ్చి గొణిగాడు. "ఉల్లికాడలు మూడో పెట్టెలో."

కెమెరా మోసుకుంటూ పెట్టుడు మీసంతో అతను లోపలికి వచ్చి, ఒదీల్ సీటుమీది ఫిల్ము డబ్బా లాక్కుని మూత తీశాడు. ఆమె బొచ్చుకోటులోంచి పిస్తోలు బయటికొచ్చింది.

"హ్యాండిల్ మీద చెయ్యి తియ్యి కెప్టెన్. కెమెరాల మధ్య పెరిగినదాన్ని. ఆ మీసం నీకు అస్సలు బాలేదు."

రివ్వార్ సిగరెట్ వెలిగించి, ఫిల్ము కొస కిటికీ వెలుగుకు పట్టాడు. పెట్టె తలుపులో నిలబడి, టోపీ ఊపుతూ జూలియన్.

అతని మొహం చూసి ఒదీల్ నవ్వింది. "మీవాడా?"

"మా చెల్లెలి భర్త."

"పాపం! నా దగ్గర కత్తెరుంది. ఆ రెండడుగులూ కోసిస్తాను, మీ చెల్లెలికివ్వు. మిగతాది నాకు వదిలెయ్."

కూత వేసింది. రైలు కదిలింది.

రివ్వార్ సిగరెట్ కొస ఫిల్ముకు ఆనించాడు. రీలంతా భగ్గుమంది. ఆమె పేల్చిన గుండు కిటికీ అద్దం పగలగొట్టింది. గొలుసు లాగారు. పోలీసులు చెరో రెక్కా పట్టుకుని ఒదీల్‌ను దించేశారు.

పొగతాగరాని పెట్టెలో సిగరెట్ కాల్చినందుకు గార్డు కెప్టెన్ పేరు రాసుకున్నాడు.

ఆ ఊరిమీద ఒక్క గుండూ పడలేదు. ఆదివారం దళమంతా క్షేమంగా కదిలింది. ఏం కాల్చాడో రివ్వార్ చెల్లెలికి చెప్పలేదు.

జూలియన్ తిరిగి రాలేదు. 1917 ఆగస్టు ఇరవై, సోమవారం, వేరేచోట జరిగిన దాడిలో పోయాడు.