అరువు గొంతు

ఫార్మింగ్టన్ హిల్స్‌లో ఆ శనివారం ఉదయం నమ్రత ఉప్మాకి రవ్వ వేయిస్తుంటే, మామగారు ఒటకర్ ఇస్త్రీ చొక్కా వేసుకుని, నున్నగా గడ్డం గీసుకుని వంటింట్లోకి వచ్చారు. ఎనభై రెండేళ్ళ మనిషి పెళ్ళికొడుకులా తయారయ్యారు. పగ తీర్చుకోవడానికి కూడా ముస్తాబు కావాలి మరి!

ఒకప్పుడు ఆయన చెక్ సినిమాల్లో హీరో. నలభై నాలుగేళ్ళ కిందట దేశం వదిలి పారిపోయి వస్తే, అక్కడి ప్రభుత్వం సినిమాల్లోంచి ఆయన పేరు చెరిపేసింది. అంతటితో ఊరుకోలేదు. ఆయన చివరి సినిమాలో మొహం ఉంచి, గొంతు మార్పించింది. ఆ గొంతు ఇచ్చినవాడు, ఆయన్ని 'ఓటా' అని పిలిచే ప్రాణస్నేహితుడు మిలోష్. తర్వాత మిలోష్ పెద్ద స్టారయ్యాడు. ఈయన ఇక్కడ ఫ్యాక్టరీలో కార్ల డోర్లు బిగించారు.

కన్నవాళ్ళు పెళ్ళికి రాకపోతే నమ్రతకి తండ్రిగా నిలబడింది ఈ మామగారే. అందుకే మిలోష్ పేరు వింటే ఆమెకి ఒళ్ళు మండుతుంది. ఫేస్‌బుక్‌లో అతని కూతుర్ని వెతికి పట్టుకుని వీడియో కాల్ సెట్ చేసింది తనే.

"ఇదంతా అవసరమా? నాన్నకి బీపీ," అన్నాడు భర్త పావెల్.

"అవసరమే. ఆ పెద్దమనిషిని కడిగేయాలి. మామయ్యా, అస్సలు తగ్గొద్దు."

"తగ్గనమ్మా. నలభై ఏళ్ళుగా రిహార్సల్ చేస్తున్నా."

లాప్‌టాప్‌లో ఎండిపోయిన ముసలాయన, పక్కన కూతురు. ఒటకర్ తన భాషలోనే మొదలుపెట్టారు. పన్నెండేళ్ళ కాపురంలో నమ్రతకి అది బాగానే పట్టుబడింది.

"నా నోటి కూడు లాక్కున్నా ఊరుకునేవాణ్ణి. నా నోట్లో నీ గొంతు పెట్టావు. ఎందుకురా?"

మిలోష్ పెదాలు కదిలాయి. మాట వినపడలేదు.

"మైక్ ఆన్ చేయండి," అంది నమ్రత విసుగ్గా.

"ఆన్‌లోనే ఉంది," అంది కూతురు. "కేన్సర్. పోయినేడాది గొంతు తీసేశారు. పలక మీద రాస్తారు."

తగిన శాస్తి అనుకుంది నమ్రత. అలా అనుకున్నందుకు సిగ్గు కూడా పడలేదు.

"రాయకు," అన్నారు ఒటకర్ కటువుగా. "నోటితోనే చెప్పు. పెదాలు చూసి మాట పట్టడం నాకూ వచ్చు."

మిలోష్ పెదాలు మళ్ళీ కదిలాయి. వాటి వెంటే మిలోష్ మాటల్ని ఒటకర్ పైకి పలికారు.

"కాదంటే నా కూతుర్ని స్కూల్లోంచి తీసేస్తామన్నారు. భయపడ్డాను. క్షమించు, ఓటా."

"కుదరలేదు. ఇంకో టేక్!" అన్నారు ఒటకర్.

నమ్రతకి కడుపు నిండినట్టయింది. మిలోష్ మళ్ళీ పెదాలు కదిపాడు. ఒటకర్ మళ్ళీ పలికారు.

"ఇంకోటి!"

మూడోసారికి మిలోష్ కళ్ళు ధార కట్టాయి. కూతురు తండ్రి భుజం చుట్టూ చెయ్యి వేసింది. ఒటకర్ 'భయపడ్డాను' దగ్గరే ఆగిపోయారు. ఆయన తల తిప్పి కొడుకు వైపు చూశారు. దేశం వదిలిన రోజు ఆయన సరిహద్దు దాటింది, రెండేళ్ళ పావెల్‌ని చంకనేసుకుని. బిడ్డ కోసం ఆయన పడిందీ అదే భయం. నమ్రతకి ఏడుపు ముంచుకొచ్చింది.

"మామయ్యా, చాలు. ఇంక అడగొద్దు."

ఒటకర్ కళ్ళు తుడుచుకుని స్క్రీన్‌కి దగ్గరగా జరిగారు.

"టేక్ ఓకే రా, మిలోష్," అన్నారు.