నలక తీసే కోటమ్మవ్వ

నిరోషకు ఆ పూట ఒళ్ళు మండిపోతోంది. కల్లంలో మిరపకాయలు తిరగేస్తుంటే తొడిమ ఎగిరొచ్చి ఎడమ కంట్లో గీసుకుంది. నరసరావుపేట డాక్టరు చూసి, నల్లగుడ్డు మీద గాయమైందని బ్యాండేజీ లెన్స్ పెట్టాడు. గాయం మానేదాకా ఆ పల్చటి పొర కంట్లోనే ఉండాలట. నలపకూడదు, నీళ్ళు తగలకూడదు, చుక్కల మందు మాత్రం వేసుకోవాలి. ఈలోగా పీకితే చూపుకే ఎసరన్నాడు.

అవతల శావల్యాపురం పెళ్ళివాళ్ళు నిరోష కుట్టి ఇవ్వాల్సిన మగ్గం జాకెట్ల కోసం ఫోన్లు చేసి చంపుతున్నారు. సూదిలో దారం ఎక్కించబోతే బెజ్జమే కనపడి చావటం లేదు.

"ఛీ! ఉన్నా లేనట్టే ఈ కన్ను!" సూది విసిరికొట్టింది.

వాకిట్లో చింతపండు పిక్కలు తీస్తున్న అత్త సుబ్బరత్నమ్మ అందుకుంది. "ఆ ప్లాస్టిక్ ముక్క పెట్టుకుని ఈ అవస్థేందే? కోటమ్మవ్వ ఉంటే నాలుకతో ఒక్కసారి అట్టా అని తీసి పారేసేది. ఈ ఊళ్ళో ఆమె నాలుక తగలని కన్నుందా?"

నిజమే. ఎవరికి నలక పడ్డా కోటమ్మవ్వ లవంగం నమిలి, రెప్ప ఎత్తి, నాలుక కొసతో తీసేది. తీసింది తమలపాకు మీద పెట్టి చూపించేది. ఆమె పోయి మూడేళ్ళు.

"అయితే పిలువు మీ కోటమ్మవ్వని! వచ్చి తీసి పొమ్మను!" నిరోష గదిలోకి పోయి గడియ పెట్టుకుంది. విసుగొస్తే నోటికి అదుపేముంటుంది?

మూలిగే నక్క మీద తాటిపండు పడ్డట్టు కరెంటు పోయింది. ఫ్యాను ఆగింది. వెలుతురు పడకుండా కిటికీకి దుప్పటి కట్టి ఉందేమో, మిట్టమధ్యాహ్నమే గదంతా మసక. కళ్ళు మూసుకుని పడుకుంది. బయటి మిరపకాయల ఘాటులోంచి మెల్లగా... లవంగం వాసన.

మంచం కిర్రుమంది. పక్కన ఎవరో కూర్చున్నారు.

"అత్తా... చుక్కలు వేస్తావా?"

చల్లటి వేళ్ళు ఎడమ రెప్ప ఎత్తాయి. తడిగా, గరుగ్గా ఏదో... కంటి మీద పాకింది.

"వద్దు... అది నలక కాదు..."

కెవ్వుమని లేచింది. ఎవరూ లేరు. తలుపుకి పెట్టిన గడియ పెట్టినట్టే ఉంది. కంట్లో నిప్పులు పోసినట్టు మంట. దిండు పక్కన తమలపాకు. దాని మీద లెన్స్, ఇంకా తడిగా.

"అత్తా! ఆటో పిలువు! పేటకి పోవాలి!"

మిగిలిన కుడి కన్నుతో గడియ వెతుక్కుంటోంది. లవంగం వాసన మళ్ళీ దగ్గరికొచ్చింది. చల్లటి వేళ్ళు... ఈసారి కుడి రెప్ప మీద.

"అయ్యో, ఇందులోనూ ఉందే అమ్మాయ్," ఎంతో జాలిగా గుసగుసలాడింది ముసలి గొంతు. "నల్లగా... గుండ్రంగా... కదలమాక. తీసేస్తా."