ఉర్రుతియా ఇంటి సంపు

తెల్లవారేసరికే విహారయాత్రల ఓడ రేవులో ఉంది. ఊళ్లోని ఇళ్లన్నిటికంటే ఎత్తుగా, తెల్లగా, సముద్రం వైపు ఇంకో ప్రహరీ కట్టినట్టు నిలబడి ఉంది. పాత శాన్ హువాన్‌లో ఓడ వచ్చిన రోజు వేరు, రాని రోజు వేరు. వచ్చిన రోజు మెట్ల మీద పడుకునే పిల్లులు కూడా కాస్త పక్కకి జరిగి పడుకుంటాయి.

నెరీదా కొయాసో అమ్మ దీవెన తీసుకుని, గొడుగు చంకన పెట్టుకుని రేవు గేటు దగ్గరికి నడిచింది. ఓడ దిగినవాళ్లని పాత ఊళ్లో తిప్పి కథలు చెప్పడం ఆమె పని. గొంతు పెద్దది, నవ్వు అంతకంటే పెద్దది. ఎండకి సోలిపోయేవాళ్లని నీడలోకి లాగడం, కొట్ల ముందు ఆగిపోయేవాళ్లని అదిలించడం, సందుల్లో తప్పిపోయినవాళ్లని కేకేసి పట్టుకోవడం... తనది మేకల్ని తోలే ఉద్యోగమని తమాషాగా చెప్పుకుంటుంది.

ఆ రోజు ఆమె వెంట పదిమంది దాకా బయల్దేరారు. అందులో మిన్నెసోటా నుంచి వచ్చిన జంట ఒకటి. కర్టిస్ హాల్వర్సన్, అతని భార్య లోర్నా. అతను తలుపుకి అడ్డం నిలబడితే వెలుగు రానంత మనిషి. ఆమె సన్నగా, అంత ఉక్కలోనూ పొడుగు చేతుల చొక్కా తొడుక్కుని ఉంది. నడిచినంతసేపూ అతను ఆమె మణికట్టు పట్టుకునే ఉన్నాడు. దూరం నుంచి చూస్తే ముచ్చటగా ఉంది. దగ్గరికొస్తే, ఆ వేళ్ల కింద ఆమె చర్మం రక్తం లేక తెల్లబడి ఉండటం కనిపించింది.

“ఏమ్మా గైడమ్మా, పొద్దుట్నుంచీ గోడలే చూపిస్తున్నావు,” అన్నాడు కర్టిస్. “చచ్చినవాళ్ల కథలేం లేవా మీ ఊళ్లో?”

“బోలెడున్నాయి సార్. తిన్నది అరగనివ్వండి. ఇప్పుడే చెబితే కక్కుకుంటారు.”

అందరూ నవ్వారు. లోర్నా కూడా నవ్వింది. కర్టిస్ ఆమె వైపు చూడలేదు, పట్టుకున్న మణికట్టుని కొంచెం తిప్పాడంతే. ఆమె నవ్వు గొంతులోనే ఆగిపోయింది. నెరీదా అది చూసింది. చూసి, తల తిప్పుకుని, ముందుకు నడిచింది. ఇలాంటి మగవాళ్లు ప్రతి ఓడలోనూ దిగుతారు. సాయంత్రానికి ఎక్కి వెళ్లిపోతారు.

మధ్యాహ్నం దాటాక సన్యాసినుల మఠం వెనక సందులోకి వచ్చారు. అక్కడ ఉర్రుతియా ఇల్లు ఉంది. పసుపు సున్నం పెచ్చులూడిన గోడ, ఇనుప మేకులు కొట్టిన పెద్ద తలుపు. నెరీదా ఈ పని మొదలెట్టిన దగ్గర్నుంచీ ఆ తలుపు మూసే ఉంది. ఎప్పుడూ తలుపు బయట నిలబడే కథ చెప్పేది.

“కలరా వచ్చిన ఏడు జరిగింది ఇది. ఈ ఇంటి యజమాని బల్తసార్ ఉర్రుతియా. పంచదార వ్యాపారి. ఇంట్లో కొనుక్కొచ్చిన బానిసలు ఉండేవాళ్లు. వాళ్లకి జబ్బు తగిలింది. ఊళ్లో తెలిస్తే ఇంటి ముందు కాపలా పెడతారు, బేరాలు ఆగిపోతాయి. అందుకని నడవలేనివాళ్లని ఒక్కొక్కళ్లనీ లోపల వానలో నిండే సంపులోకి దింపించాడు. పెద్దవాళ్లనీ, పిల్లల్నీ. అందరూ చచ్చాక కాదు. కొందరు మంచినీళ్లు అడుగుతూనే ఉన్నారట. పైన రాతిమూత పెట్టించి...”

మాట అక్కడ ఉండగానే వాన విరుచుకుపడింది. అక్కడి వాన చినుకులతో మొదలవదు, ఎవరో కుమ్మరించినట్టు పడుతుంది. అందరూ గోడకి అంటుకుపోయారు. అప్పుడు కర్టిస్ తలుపు మీద భుజం ఆనించాడు. తలుపు చప్పుడు లేకుండా తెరుచుకుంది.

నెరీదా తలుపు అంచు తడిమింది. తాళం లేదు. గొళ్లెం లేదు. లోపల్నుంచి చల్లటి గాలి వచ్చి ఆమె మోకాళ్లకి తగిలింది.

“ఎవరిదో ఇల్లు సార్. అడక్కుండా వెళ్లకూడదు.”

“తడిసి చావమంటావా?” అని అతను లోర్నాని లాక్కుంటూ లోపలికి నడిచాడు. మిగతావాళ్లు వాకిట్లోనే, కమాను కింద ఆగి చొక్కాలు పిండుకుంటున్నారు. నెరీదా ఆ ఇద్దర్నీ వదిలేసి ఉండలేక వెనకే వెళ్లింది.

లోపల నాలుగు పక్కలా వసారా, మధ్యలో ఆకాశానికి తెరిచిన రాతి ముంగిలి. గోడల్లో దించిన మట్టిగొట్టాల్లోంచి పైకప్పుల నీళ్లన్నీ గలగలమంటూ భూమిలోకి దిగుతున్నాయి. తడి సున్నం వాసన. దాని కింద ఇంకో వాసన, చాలాకాలం మూసిన గిన్నె తీసినప్పుడు వచ్చేది. ముంగిలి నడుమ సంపు నోరు నల్లగా ఉంది. రాతిమూత పక్కకి జరిపి ఉంది.

నెరీదా చెవులు రిక్కించింది. ఇంత నీరు దిగుతోంది. కింద నీళ్లలో నీళ్లు పడిన చప్పుడు మాత్రం లేదు. ఇంకేదో చప్పుడు... గుటకలు వేస్తున్నట్టు...

“బయటికి వెళ్దాం రండి,” అంది మెల్లగా.

కర్టిస్ సంపు అంచున మోకాళ్ల మీద కూచుని లోపలికి కేకేశాడు. “ఓయ్, ఎవరన్నా ఉన్నారా?”

మామూలుగా అయితే అదే కేక తిరిగి రావాలి. రాలేదు. గుటకల చప్పుడు ఆగింది.

అతను ఫోన్ లైటు వేసి లోపలికి వంగాడు. వంగినవాడు అలాగే ఉండిపోయాడు. తలెత్తినప్పుడు అతని మొహంలో పొద్దుటి నుంచి ఉన్న వెటకారం లేదు. నెరీదాకి తర్వాత కూడా మరిచిపోలేనిది ఆ మొహమే.

“పిల్లాడెవడో పడిపోయాడు కింద,” అన్నాడు. “బతికే ఉన్నాడు. చెయ్యి చాపుతున్నాడు. లోర్నా, నా బెల్టు పట్టుకో.”

“సార్, వద్దు. అది పిల్లాడు కాదు. సార్...”

అతను అప్పటికే నేల మీద బోర్లా పడుకుని, కుడిచెయ్యి భుజం దాకా లోపలికి దించాడు. “పట్టుకో బాబూ. ఇంకొంచెం. అదీ... పట్టుకున్నాడు.”

ఒక్క క్షణం అతను నవ్వాడు.

తర్వాత ఆ చెయ్యి కిందికి వెళ్లింది. భుజం కీలు ఊడిన చప్పుడు నెరీదాకి స్పష్టంగా వినిపించింది, పచ్చి చెరుకు విరిచినట్టు. కర్టిస్ అరిచాడు. నడుం దాకా జారిపోయాడు. లోర్నా బెల్టు పట్టుకుంది. నెరీదా గొడుగు పారేసి అతని కాళ్ల మీద పడి గట్టిగా వాటేసుకుంది. తడి రాతి మీద ముగ్గురూ జారుతున్నారు.

“లాగండి. లాగండమ్మా.”

లాగారు. కొంచెం పైకి వచ్చాడు. చెయ్యి వచ్చింది. మోచేతి కింద మాంసం లేదు. తెల్లటి ఎముక మీద వాన పడి రక్తాన్ని కడిగేస్తోంది. అతను దాన్ని చూసుకున్నాడు. ఎవరిదో చెయ్యి చూసినట్టు చూశాడు.

అంచు మీద పడిన ఫోన్ లైటు లోపలికి వెలుగుతోంది. నెరీదా చూడకూడదనుకుంది. చూసింది. నీళ్లు లేవు. సంపు నిండా మొహాలు. ఒకదానికొకటి ఒరుసుకుని, బుట్టలో పేర్చినట్టు, అన్నీ పైకే తిరిగి... అన్నీ నోళ్లు తెరుచుకుని... వాననీళ్లు తాగుతున్నాయి. కొన్ని నోళ్లు ఎర్రగా ఉన్నాయి.

రెండు నల్లటి చేతులు పైకి వచ్చి కర్టిస్ మెడ చుట్టూ పడ్డాయి. ఇంకో చెయ్యి అతని నోట్లోకి వెళ్లి దవడ పట్టుకుంది. చెంప చీలింది. అతను కళ్లు తిప్పి భార్యని చూశాడు.

“వదలకు,” అన్నాడు. మాట సరిగా రాలేదు. “లోర్నా. వదలకు.”

లాగులాటలో లోర్నా చొక్కా చేతులు మోచేతుల దాకా పైకి పోయాయి. రెండు చేతుల మీదా కమిలిన మచ్చలు. పచ్చవి, నీలివి, కొత్తవి, పాతవి. ఆమె వాటిని చూసింది. అతన్ని చూసింది. ఏడవలేదు. వేళ్లు ఒకదాని తర్వాత ఒకటి విప్పేసింది.

“అమ్మా, ఏం చేస్తున్నారు...”

బరువంతా నెరీదా మీద పడింది. బూటు ఒకటి ఆమె చేతిలో మిగిలింది. రెండో కాలు జారిపోతుంటే పట్టుకోబోయింది. కింది నుంచి ఏదో ఆమె వేలిని అందుకుంది. చల్లటి పళ్లు. నెరీదా అరుస్తూ వెనక్కి పడింది. చిటికెనవేలి చివరి కణుపు లేదు.

కింద కర్టిస్ కేక చాలాసేపు వినిపించింది. తర్వాత గుటకల చప్పుడు మొదలైంది. రాతిమూత తనంత తాను ఈడ్చుకుంటూ వచ్చి సంపు నోరు మూసుకుంది.

వాన ఆగిపోయింది.

కమాను కింద ఉన్నవాళ్లు కేకలకి వీధిలోకి పరిగెత్తి పోలీసుల్ని పిలిచారు. వచ్చినవాడు బాయేస్, నెరీదా వాళ్ల పేటవాడే. ఆమె చేతికి గుడ్డ చుట్టి, చెప్పిందంతా విన్నాడు. ముంగిట్లో రక్తం బొట్టు లేదు. నలుగురు మనుషులు గునపాలు తెచ్చి మూత లేపడానికి తంటాలు పడ్డారు. చుట్టూ పూసిన పాత సున్నం ఎక్కడా చెదరలేదు.

“ఇది చివరిసారి కదిలింది మన తాతలనాడే అయి ఉంటుంది అక్కా,” అన్నాడు బాయేస్. చివరికి మూత లేచింది. లోపల అంచు దాకా ఎండిన ఇసుక. గునపం దిగనంత గట్టిగా ఉంది.

“నా వేలు ఎవరు కొరికారు మరి?” అంది నెరీదా.

బాయేస్ ఓడవాళ్లకి ఫోన్ చేశాడు. చాలాసేపు విన్నాడు. ఫోన్ పెట్టేసి లోర్నా వైపు తిరిగాడు.

“మీ ఆయన ఓడ ఎక్కేశాడమ్మా. ఇందాకే. గేటు దగ్గర కార్డు చూపించాడట, ఫొటో కూడా సరిపోయింది. ఒక కాలికి బూటు లేదన్నారు. అంతకు మించి ఏం తేడా లేదట.”

లోర్నా గోడకి ఆనుకుంది.

ఆసుపత్రికి వెళ్లే ముందు నెరీదా ఆమెని పక్కకి తీసుకెళ్లింది. “ఓడ ఎక్కకండి. మా ఇంటికి రండి. మా అమ్మ ఉంటుంది, ఒక మంచం ఉంది. రేపు ఏదో ఒకటి చూద్దాం.”

“మీరు చూశారు కదా,” అంది లోర్నా. “నేను వదిలేశాను.”

“చూశాను. ఎవరికీ చెప్పను.”

“అక్కడ ఉన్నది ఆయనైతే నాకు తెలియాలి. కాకపోతే... అదీ తెలియాలి.” ఆమె నెరీదా ఫోన్ నంబరు అడిగి తీసుకుంది. చొక్కా చేతులు మణికట్టు దాకా లాక్కుని రేవు వైపు నడిచింది. నెరీదా ఇంకోసారి పిలిచింది. ఆమె వెనక్కి తిరగలేదు.

సాయంత్రం వేలికి కట్టుతో నెరీదా సముద్రానికి ఆనుకున్న పాత ఊరి కోటగోడ మీద కూచుని ఉంది. ఇంటికి వెళ్లాలనిపించలేదు. ఓడ రేవు వదిలి, గోడ పక్కనుంచే మెల్లగా జరుగుతోంది. గదుల కిటికీల్లో దీపాలు వెలిగాయి. పై అంతస్తులో ఎక్కడో పాటలు, పిల్లల కేరింతలు. ఫోన్ మోగింది.

“నేనండీ. లోర్నాని.” గుసగుసగా మాట్లాడుతోంది.

“ఎలా ఉన్నారు? ఉన్నాడా?”

“ఉన్నాడు. చెయ్యి బాగానే ఉంది. గీత కూడా లేదు. నన్ను ఏమీ అనలేదు. మొట్టమొదటిసారి నా చెయ్యి మెల్లగా పట్టుకున్నాడు.” ఆమె ఊపిరి ఆగి ఆగి వస్తోంది. “కళ్లు మూయడం లేదండీ. ఇంతసేపట్లో ఒక్కసారి కూడా రెప్ప వేయలేదు.”

“గదిలోంచి బయటికి వచ్చెయ్యండి. జనం ఉన్నచోటికి పోండి.”

“ఆయన గదిలో లేడు ఇప్పుడు. మా గది శుభ్రం చేసే అబ్బాయితో మాట్లాడి వెళ్లాడు. చాలా మర్యాదగా మాట్లాడాడు.”

“ఏం మాట్లాడాడు?”

ఓడ కూత పెట్టింది. అది నెరీదాకి గాల్లోంచీ, ఫోన్‌లోంచీ ఒకేసారి వినిపించింది.

“ఇంతమందికీ తాగేనీళ్లు ఓడలో ఎక్కడ నిలవ చేస్తారని అడిగాడండీ. ఆ అబ్బాయి చూపిస్తానని కిందికి తీసుకెళ్లాడు.”