లాంతరు దొంగకు కొత్త చుట్టం

మా మనవరాలు సునయనకూ, ఆ అబ్బాయికీ మొదటి గొడవ ఒకరి ముఖం ఒకరు చూడకముందే జరిగింది. అదీ ఎప్పుడో చచ్చిపోయిన ఒక దొంగ గురించి.

ఆ దొంగ మా తాత పరంధామయ్య. హార్బరు గోదాముల్లో దొంగతనం చేసి, వెలుగుతున్న లాంతరును అక్కడే వదిలేసి పోయేవాడట. పోలీసులు లాంతరు దొంగ అన్నారు, పత్రికలూ అదే రాశాయి. ఇప్పుడు ఫోనులో చదివే విజ్ఞాన సర్వస్వంలో ఆయన మీద ఒక పేజీ కూడా ఉంది. దాన్ని ఎవరైనా రాయవచ్చునట, ఎవరైనా దిద్దవచ్చునట. నేను మూడో క్లాసుతో బడి మానేసినదాన్ని, సునయనే చదివి వినిపించింది. పేజీ అంతా విన్నాను. ఎక్కడా మా తాత పేరు లేదు.

“ఇదేందే? వాళ్ళమ్మ పేరు పెట్టలేదా ఆయనకు?” అన్నాను.

సునయన వెంటనే పేరు చేర్చింది. పది నిమిషాల్లో ధనుంజయ అనే ఎవరో దాన్ని కొట్టేసి, ‘మూలం చూపండి’ అని రాశాడు. ఇది మళ్ళీ చేర్చింది. అతను మళ్ళీ కొట్టేశాడు. పేజీ వెనక చర్చలకని ఒక చోటుంది. అక్కడ వారం రోజులు కొట్లాడుకున్నారు.

‘మా అవ్వ చెప్పింది’ అని ఇది.

‘మీ అవ్వగారు అచ్చయిన పుస్తకం కాదు కదండీ’ అని అతను.

“ఎంత తిమిరు, ఎంత పొగరు అవ్వా వాడికి! ఈడికే రమ్మంటా. నీ ముందర నిలబడి చెప్పమంటా ఆ మాట!”

నిజంగానే వచ్చాడు. కుండపోత వానలో, ఊరికి ఆ చివర షోళింగనల్లూరు నుంచి ఈ చివర మా తొండియార్‌పేటకు బండి మీద. సునయన తిట్టడానికి నోరు తెరిచే తలుపు తీసింది. అతను తలనుంచి కాళ్ళదాకా కారుతూ, చొక్కా లోపలినుంచి ఒక ప్లాస్టిక్ కవరు తీశాడు. అందులో నోటుబుక్కు ఒక్కటే పొడిగా ఉంది. ఇది నోరు మూసుకుని తువ్వాలు తెచ్చింది. నేను చూడనట్టు కాఫీ కలపడానికి వెళ్ళాను.

అతని సొంతూరు తుని అట. “బామ్మగారూ, ఆయన మీకేమవుతారండీ?” అన్నాడు.

“మా అమ్మను కన్న తండ్రి.”

అతను సునయన వైపు తిరిగాడు. “అయితే ఆ పేజీ మీరు ముట్టుకోకూడదండీ. సొంతవాళ్ళ గురించి బంధువులు రాయకూడదు. అది రూల్.”

“మా ఇంటికొచ్చి, మా కాఫీ తాగతా, మాకే రూలా?”

“కాఫీ బాగుందండీ. రూల్ రూలే.”

నాకు నవ్వొచ్చింది. “నా మాట పనికిరాదు, సరి. ఏది పనికొస్తుందో చెప్పు నాయనా.”

“కోర్టు తీర్పు అప్పటి పత్రికలో పడుంటే చాలండీ. ఏ రోజో తెలియకుండా ఎక్కడని వెతకను?”

“అంతేనా? మా అమ్మ పుట్టింది పంతొమ్మిది వందల ఇరవై ఆరు, అరవవాళ్ళ ఆడి నెల పద్దెనిమిదో నాడు, ఆడి పెరుక్కు పండగ రోజు. పురుడు తీరకముందే తీర్పు చెప్పేసినారని మా అమ్మమ్మ ఏడస్తా చెప్పేది.”

అతని కళ్ళు మెరిశాయి. “పురుడంటే పదకొండు రోజులు. ఆ పదకొండు రోజుల పత్రికలు తిరగేస్తే చాలు!”

శనివారం ఇద్దరూ ఎగ్మూరు లైబ్రరీకి వెళ్ళారు. బంధువులు రాయకూడదు గానీ వెతకవచ్చునట. పదకొండు పత్రికలకు నాలుగు శనివారాలు పట్టింది. అంత నిదానంగా ఏం చదివారని నేను అడగలేదు.

నాలుగో శనివారం వచ్చినప్పుడు సునయన ముఖం వాడిపోయి ఉంది. “ధనుంజయ్, పేరు మటుకు చదవండి. మిగతాది వద్దు.”

“దాస్తే బామ్మగారికి అబద్ధం చెప్పినట్టేనండీ” అని అతను నా ముందు కూర్చుని అంతా చదివాడు. లాంతరు దొంగ అనబడే పరంధామయ్యకు నాలుగేళ్ళ జైలు. గోదాముల్లో బట్టల బేళ్ళు ఎత్తుకుపోయినందుకు. ఆపైన, కాసిమేడులో చేపలమ్ముకునే ఒక విధవరాలి ఇత్తడి బిందె ఎత్తుకుపోయినందుకు.

మా తాత పేదల వస్తువు తాకలేదని అరవై ఏళ్ళుగా అందరికీ చెప్పుకొచ్చింది నేనే.

“బిందె కూడానా తాతా!” అన్నాను. “రాయి నాయనా. పేరూ రాయి, బిందె కూడా రాయి.”

ఆ అబ్బాయి తల వంచుకుని కళ్ళు తుడుచుకున్నాడు. సునయన అతన్నే చూస్తూ ఉండిపోయింది.

పేజీ పేరు మాత్రం లాంతరు దొంగే. అందరికీ తెలిసిన పేరే పైన ఉండాలట. మొదటి వాక్యంలోనే మా తాత పేరుంది, పత్రిక తారీఖుతో సహా. చాలు నాకు.

కొన్నాళ్ళకు సునయన చెవులు ఎర్రగా చేసుకుని ఫోను పట్టుకొచ్చింది. “అవ్వా, చర్చల్లో ఏం రాసినాడో విను.”

‘ఇకమీదట ఈ పేజీని నేను దిద్దకూడదు. వేరెవరైనా చూసుకోగలరు. కారణం: ఈ దొంగగారికి బంధువును కావాలని నాకు ఆశగా ఉంది. సునయనగారిని ఇంకా అడగలేదు.’

“నువ్వేం రాసినావే?”

“రెండే మాటలు అవ్వా. మూలం చూపండి అని.”

ఆదివారం పొద్దున కింద బండి ఆగిన చప్పుడైంది. వాన చుక్క లేదు, ఎండ మండిపోతోంది. ఇది తువ్వాలు పట్టుకుని పరిగెత్తింది. కిటికీలోంచి చూశాను. బండి మీద ధనుంజయ. వెనకే ఆటోలోంచి తుని రైలు బడలికతో దిగుతూ వాళ్ళ అమ్మా నాన్నా.

నేను కాఫీ కలపడానికి లేచాను. కిటికీ మాత్రం వెంటనే వదల్లేదు.