కెప్టెన్ స్పందన గారి సన్మాన పత్రం

“ఈ రణరంగ రుద్రాణి ఎవరండీ?” అని అడిగింది స్పందన.

“మీరేనండీ,” అన్నాను.

ఆమె కాగితం మీంచి కళ్లెత్తి నన్నొకసారి చూసి, మళ్లీ కాగితంలోకి దిగిపోయింది. చేతిలో ఎర్ర పెన్ను. పేషెంటు చార్టు చూస్తున్నట్టు ఒక్కో వరసకీ వేలు ఆనించి చదువుతోంది. ‘దీపధారిణి’ దగ్గర ఆగి, తాము పనిచేసిన చోట దీపాలేం లేవని, తలకి టార్చి కట్టుకుని తిరిగేవాళ్లమని చెప్పి కొట్టేసింది. ‘కరుణాసముద్రురాలు’ని కారణం కూడా చెప్పకుండా కొట్టేసింది.

అది 2013 ఏప్రిల్. అమెరికాలో, కమ్మింగ్ ఊళ్లో గోపీనాథ్ ఇంట్లో డైనింగ్ టేబుల్ దగ్గర కూర్చున్నాం. గోపీనాథ్ ఆల్ఫారెట్టా ఆఫీసులో నా పక్క సీటువాడు. వాడి చెల్లెలు స్పందన గుంటూరులో నర్సింగ్ చదివి, ఇంగ్లండ్ వెళ్లి, అక్కడి సైన్యంలో నర్సుల దళంలో చేరి కెప్టెన్ అయింది. సైనిక నర్సులకి ఆ దేశం ఇచ్చే రాయల్ రెడ్ క్రాస్, రెండో తరగతి, ఆమెకి వచ్చింది. రెండు వారాల సెలవు మీద అన్న ఇంటికి వచ్చిందని తెలియగానే మా తెలుగు కూటమి అధ్యక్షుడు జగన్మోహన్ గారు ఉగాది సభలో సన్మానం పెట్టేశారు. ‘రెండో తరగతి’ అంటే రైలు టికెట్టులా ఉంటుంది, ఆ ముక్క తీసెయ్యమని కూడా చెప్పారు.

పత్రం రాసే పని నాకు పడింది. చీరాల దగ్గర మా ఊళ్లో ఎవరు రిటైరైనా పత్రం రాసింది నేనే. పశువుల డాక్టరు గారిని ‘మూగజీవుల పాలిటి ధన్వంతరి’ అని రాస్తే ఆయన కళ్లనీళ్లు పెట్టుకున్నాడు. ఈ అమ్మాయికి మాత్రం నా సమాసాలు దోమల్లా కనిపిస్తున్నట్టున్నాయి, ఒక్కోదాన్నీ కొడుతోంది.

ఆరో వరసలో పెన్ను ఆగిపోయింది. ‘అఫ్గాన్ రణక్షేత్రమున ఏడు మాసములు’ అన్న చోట.

హాల్లో వాళ్ల నాన్న ఆంజనేయప్రసాద్ గారు పేపరు తిరగేస్తున్నారు. టెలిఫోన్ శాఖలో ముప్పై నాలుగేళ్లు చేసి రిటైరైన మనిషి. వంటింట్లో వాళ్లమ్మ నాగమల్లేశ్వరి గారు పెసరట్లు పోస్తున్నారు. ఇద్దరూ కొడుకు దగ్గరికి విజిటర్ వీసా మీద వచ్చారు. స్పందన వాళ్ల వైపొకసారి చూసి, కాగితం మడిచి, నన్ను ఇంటి వెనక చెక్క అరుగులాంటి డెక్ మీదికి రమ్మని సైగ చేసింది.

“ఇది మా వాళ్లకి తెలీదు,” అంది తలుపు మూశాక. “మిలిటరీ ఆస్పత్రిలో చేస్తాననే తెలుసు. ఆ ఏడు నెలలూ బర్మింగ్‌హామ్‌లో డ్యూటీ అని చెప్పాను. వారానికి అరగంట ఫోన్ ఇచ్చేవాళ్లు. అరగంటా అబద్ధాలే చెప్పాను.”

వాళ్ల నాన్నకి ఆమె వెళ్లే ముందు ఏడాదే గుండెకి స్టెంట్ వేశారట. అందుకని చెప్పలేదు. ఇప్పుడు నాలుగొందల మంది ముందు మైకులో వింటే ఏమవుతుందోనని ఆమె భయం. సన్మానం వద్దంటే ఎందుకు వద్దన్నావని ఇంట్లో ఆరా తీస్తారు.

“ఆ ఒక్క మాట లేకుండా రాయగలరా?” అని అడిగింది.

ఇంత సేపూ కెప్టెన్‌లా కూర్చున్న మనిషి అప్పుడు మాత్రం స్కూల్లో పలక పగలగొట్టుకొచ్చిన పిల్లలా నిలబడింది. సరేనన్నాను. ఆ మొహం చూసి కాదనగలిగినవాడు ఎవడైనా ఉంటే వాడికొక పత్రం రాయచ్చు.

అసలు ప్రమాదం జగన్మోహన్ గారు. ఆయన ఇంటర్నెట్‌లో అంతా చదివేసి, అఫ్గానిస్తాన్ గురించి వేదిక మీద గర్జించాలని ముచ్చట పడుతున్నారు. నేను వెళ్లి, బ్రిటిష్ మిలిటరీ రూల్స్ ప్రకారం ఎక్కడ పనిచేశారో బయట చెప్పకూడదని, చెప్తే ఎంక్వయిరీ రావచ్చని నా సొంత రూలు ఒకటి తయారుచేసి వినిపించాను. ఆయన తన గ్రీన్‌కార్డు ఫైనల్ స్టేజ్‌లో ఉందని చెప్పి, ఆ ఊసే ఎత్తనని మాటిచ్చారు.

పత్రం కోసమని తర్వాత నాలుగుసార్లు కలిశాం. రెండుసార్లు అవసరముండి, రెండుసార్లు లేక. స్పందనకి స్టీరింగు కుడి పక్కనుండే ఇంగ్లండ్ కార్లు అలవాటు కదా, నా కారెక్కమన్న ప్రతిసారీ నేరుగా డ్రైవరు డోరు దగ్గరికి వచ్చేది. ఇద్దరం ఒకే హ్యాండిల్ మీద చేయి వేసేవాళ్లం. మొదటిసారి సారీ చెప్పింది. రెండోసారి నవ్వింది. మూడోసారి నేను కాస్త నెమ్మదిగా చేయి తీశాను, అది ఆమె గమనించింది.

ఒక మధ్యాహ్నం గ్రోసరీ పార్కింగ్‌లో ఉండగా వాన పట్టుకుంది. వారం నుంచి కార్ల మీద పసుపు చల్లినట్టు పేరుకున్న పైన్ పుప్పొడి ధారలు కట్టి పోతోంది. పతకం ఎలా ఉంటుందని అడిగాను. వెండి శిలువ, ఎర్ర అంచుల ముదురు నీలం రిబ్బను, దాన్ని ఆడవాళ్లు బో కట్టి భుజం దగ్గర పెట్టుకుంటారని చెప్పింది. ఎందుకిచ్చారని అడిగాను.

“మాది ఐసీయూ. మంచం మంచానికీ ఒక డైరీ ఉంటుంది,” అంది. “స్పృహ లేనివాళ్ల కోసం మేం రాస్తాం. ఇవాళ నీకు గడ్డం గీశాను, నీ ఫ్రెండు వచ్చి నీ చెయ్యి పట్టుకుని కూర్చున్నాడు, బయట ఎండ దంచుతోంది. ఇంతే. ఇంటికి పంపేటప్పుడు డైరీ కూడా వాళ్లతో పోతుంది. మెలకువ వచ్చాక, పోయిన రోజుల్లో ఏం జరిగిందో చదువుకుంటారు. ఆ డైరీ ఒక్క రోజు కూడా ఖాళీగా ఉండకుండా చూసే పని నాది. నేను పెద్దగా చేసిందేం లేదు.”

ఆ సాయంత్రం ఇంటికెళ్లి రుద్రాణినీ ఆమె పరివారాన్నీ మొత్తం తుడిచేసి, కొత్తగా పదకొండు వరసలు రాశాను. స్పందన చదివి ఎర్ర పెన్ను మూత పెట్టేసింది. నా జీవితంలో ఏ పరీక్ష ఫలితానికీ అంత సంతోషించలేదు.

ఇక్కడే తప్పు చేశాను. మొదటి పత్రం జగన్మోహన్ గారికి ముందే ఈమెయిల్ చేసి ఉన్నాను, ‘ఫైనల్’ అని పేరు పెట్టి. రెండోది ‘ఫైనల్ లేటెస్ట్’ అని పంపాను. పదేళ్లుగా సాఫ్ట్‌వేర్‌లో చేస్తున్న తప్పే. ఆయన ఏది తెరిచి ఫ్రేముకిచ్చారో అడగలేదు.

సభ ఒక హైస్కూల్ ఆడిటోరియంలో. పంచాంగం అయింది, పిల్లల డాన్సులు అయ్యాయి. స్పందన కంచిపట్టు చీరలో వేదిక మీద వెన్ను నిటారుగా పెట్టుకుని కూర్చుంది. పక్కన అమ్మ, నాన్న. నా చేతికి ఫ్రేము కట్టిన పత్రం ఇచ్చారు. చూద్దును కదా, మొదటి వరసలోనే రణరంగ రుద్రాణి. ఆరో వరసలో అఫ్గాన్.

ఫ్రేములోకి చూస్తూనే, అందులో లేనిది చదివాను.

“స్పందన గారు నర్సు. స్పృహలో లేని మనిషిని కూడా రోజూ పేరు పెట్టి పిలిచి, ఇవాళ ఏ వారమో చెప్తారు. ఆ మనిషి పోగొట్టుకున్న రోజుల్ని రాసిపెట్టి, లేచాక ఇస్తారు. ఈ పనికి ఒక దేశం పతకం ఇచ్చింది. మనం శాలువా కప్పుతున్నాం.”

ఇంకా నాలుగు ముక్కలు చెప్పి ఆపాను. సమాసాల కోసం ఎదురుచూస్తున్న జనం మొదట సందేహించి, తర్వాత గట్టిగానే చప్పట్లు కొట్టారు. గండం గడిచిందనుకున్నాను. అంతలో జగన్మోహన్ గారు నా చేతిలోంచి ఫ్రేము లాక్కుని, తండ్రి చేతుల మీదుగా ఇప్పిద్దామంటూ ఆంజనేయప్రసాద్ గారికి అందించారు.

ఆయన జేబులోంచి కళ్లజోడు తీసి పెట్టుకున్నారు. ఫొటోలు తీసినంతసేపూ మొదటి వరస నుంచి చివరి వరస దాకా చదివారు. చదివి, ఫ్రేమును పొట్టకి ఆనించి పెట్టుకున్నారు. స్పందన ముందు ఆయన్ని చూసింది, తర్వాత నన్ను చూసింది. ఆ చూపు గురించి రాయను.

బయట మళ్లీ వాన. గోపీనాథ్ బండి నిండా వాళ్ల పిల్లలు, సామాను. పెద్దవాళ్లనీ స్పందననీ నా కార్‌లో దింపాలి. గొడుగు పట్టబోతే స్పందన పక్కకి తప్పుకుంది.

“ఒక్క మాట దాచమన్నాను దివాకర్ గారూ,” అంది. “ఒక్కటే.”

ఆంజనేయప్రసాద్ గారు ముందు సీట్లో ఒళ్లో ఫ్రేముతో కూర్చున్నారు, వెనక తల్లీ కూతురూ. రెండు సిగ్నళ్లు దాటాం. నేను ఆయన గుండె వైపే చూస్తూ నడుపుతున్నాను.

“అమ్మాయ్, దీంట్లో రెండు తప్పులున్నాయి,” అన్నారాయన. “ఏడు నెలలని రాశాడు. ఏడు నెలల పదకొండు రోజులు.”

“నాన్నా,” అంది స్పందన. “నీకెవరు చెప్పారు?”

“ఎవరు చెప్పాలి? అంతకుముందు నువ్వు ఇంగ్లండ్ నుంచి మాట్లాడితే పక్కింట్లోంచి మాట్లాడినట్టుండేది. ఉన్నట్టుండి నేను హలో అంటే, అది నీకు చేరి, నీ మాట నాకు వచ్చేలోపల ఒక గుక్క మంచినీళ్లు తాగొచ్చు. సముద్రం కింద కేబుల్లో అంత ఆలస్యం ఉండదు. మాట ఆకాశానికెక్కి దిగితేనే అంత పట్టుద్ది. బర్మింగ్‌హామ్‌లో ఆస్పత్రి వాళ్లకి శాటిలైట్ ఫోన్ ఎందుకమ్మా?”

“మరి అడగలేదేం?”

“అడిగితే ఏడుస్తావు. ఉన్నది అరగంట. ఏడుపు పోను మాట్లాడుకోడానికి ఏం మిగుల్తుంది?” ఆయన గొంతు సవరించుకుని వెనక్కి తిరిగారు. “నాగమల్లీ, నీకు చెప్పలేదని కోప్పడకు. నువ్వు తట్టుకోలేవని.”

నాగమల్లేశ్వరి గారు తాపీగా అన్నారు. “ఆ ఏడు నెలలూ వార్తల టైముకి టీవీ రిమోట్ మీ లుంగీ మడతలో ఎందుకుండేదో నాకు తెలీదా? అఫ్గానిస్తాన్ అని వినపడితే చాలు, వంటల చానెల్ పెట్టేవాళ్లు. మీకు బీపీ పెరుగుద్దని నేనే ఊరుకున్నా.”

అప్పుడు స్పందన ఏడ్చింది. ఏడుస్తూనే నవ్వింది. వాళ్లమ్మ సన్మానం శాలువాతోనే ఆమె ముక్కు తుడిచారు. ముగ్గురు మనుషులు ఒకే రాయిని ఒకరికి తెలియకుండా ఒకరు మోసి, అందరూ ఒక్కసారి దించినట్టయింది నా కారులో. నాకూ రోడ్డు సరిగ్గా కనపడక ఒక గ్యాస్ స్టేషన్‌లోకి తిప్పి ఆపాను.

“రెండో తప్పేంటండీ?” అని అడిగాను, ధైర్యం చేసి.

“రణరంగ రుద్రాణి,” అన్నారు ఆంజనేయప్రసాద్ గారు. “మా పిల్లకి బల్లంటే భయం.”

రెండ్రోజుల తర్వాత, ఆదివారం టిఫిన్‌కి రమ్మని ఫోన్ వచ్చింది. సోమవారమే స్పందన ఫ్లైట్. ఆదివారం వెళ్లేసరికి డెక్ మీద ఎండ కడిగిన గిన్నెలా మెరుస్తోంది. ఆమె ముందు ఒక కవరు, దాని వెనక రాసిన ఒక పేరు.

సైన్యంలో ప్రతివాళ్లూ ఒక ఫారం నింపాలట. ఏదైనా జరిగితే ముందు ఎవరికి చెప్పాలి, వాళ్లతో పాటు ఇంకెవరికి చెప్పాలి, రెండు పేర్లు. ఇన్నాళ్లూ ఇంట్లో తెలియకూడదని రెండు చోట్లా అక్కడి స్నేహితురాళ్ల పేర్లే రాసిందట. ఇప్పుడు కవరు మీద చిత్తు రాసుకుంటోంది, వెళ్లగానే ఫారంలో మార్చాలి, సెప్టెంబర్‌లో మళ్లీ అఫ్గానిస్తాన్ పంపొచ్చు. ముందురోజు అమ్మానాన్నలకి ఆ మాట తనే చెప్పేసిందట. వాళ్ల నాన్న, ఈసారి ఫోన్‌లో నిజం చెప్తే ఎంత ఆలస్యమైనా వింటానన్నారట.

“మొదటిది నాన్న పేరు,” అంది. “రెండోది ఖాళీ.”

“గోపీ ఉన్నాడుగా,” అన్నాను.

“అన్నయ్యని అడిగాను. నీ పేరు వెయ్యమన్నాడు.”

ఎప్పటి నుంచి మీరు నువ్వయిందో తను గమనించినట్టు లేదు. నేను గమనించాను.

“ఆలోచించుకుని చెప్పు,” అంది. “ఏదైనా జరిగితే నీకు ఫోన్ వస్తుంది. అది మంచి ఫోన్ కాదు.”

“ఏమీ జరగకపోయినా వస్తుందా?”

“ఎవరి నుంచి, ఆర్మీ నుంచా?”

“నీ నుంచి.”

ఆమె కవరు మీద నా పేరు రాసింది. ఇంటిపేరు అడిగింది, అడ్రస్ అడిగింది, నంబరు అడగకుండానే రాసింది. తర్వాత పెన్ను ఆగింది.

“సంబంధం ఏమిటి అని ఒక గడి ఉంటుంది,” అంది తల ఎత్తకుండా.

“ఖాళీగా వదిలేస్తే?”

“సిస్టమ్ ముందుకి పోనివ్వదు.”

“ఫ్రెండ్ అని రాస్తే నమ్ముతారా వాళ్లు?”

“వాళ్ల సంగతి వదిలెయ్. నువ్వు నమ్మే మాట చెప్పు.”

సమాసాలన్నీ ఒక్కటొక్కటిగా గుర్తొచ్చాయి. ఒక్కటీ పనికిరాలేదు. “కాబోయే భర్త,” అన్నాను, నా గొంతు నాకే సరిగ్గా వినపడలేదు.

జాలీ తలుపు అవతల, పేపరు తిరగేస్తున్న చప్పుడు ఎప్పుడు ఆగిందో తెలీదు. “గట్టిగా చెప్పవయ్యా అబ్బాయ్,” అన్నారు ఆంజనేయప్రసాద్ గారు లోపల్నుంచి. “వంటింట్లోకి వినపడలేదంట.”

స్పందన మొహం ఎర్రగా అయింది. పెన్ను మాత్రం ఎక్కడా కొట్టివేతలు లేకుండా ఆ రెండు మాటలూ రాసేసింది.